మన యింటికి ఒక్క గడి చాలదు

షోలాపురము పూర్వభాగమున కాపురమున్న మనలో చాలమందికి ఈ దృశ్యము పరిచితమే. చేతిలో పలక వంటి యంత్రమును పట్టుకొని ఒక యువకుడు గుమ్మము ముందు నిలుచును. గోడలు కొలుచును, ఫొటో తీయును, "ఇది ఇల్లా, కార్ఖానాయా?" అని మరాఠీలో అడుగును. ముందరి గదిలో నాలుగు మరమగ్గములు నడుచుచుండును. వెనుక గదిలో పొయ్యి రాజుచుండును. అటక మీద పరుపులుండును. వసారాలో కోడలు చేటలో ఆకు పెట్టుకొని బీడీలు చుట్టుచుండును. ఇంటి పెద్ద క్షణము సేపు తటపటాయించి, పన్నును తలచుకొని "ఇల్లే" యనును. పక్కింటి పెద్ద కరెంటు బిల్లును తలచుకొని "కార్ఖానాయే" యనును. ఇండ్లు రెండును ఒకే తీరువి. పటములో మాత్రము ఒకటి ఒక రంగున, రెండవది మరొక రంగున పడును. ఈ సంగతిని గూర్చియే ఈ వారము నాలుగు మాటలు చెప్పదలచితిమి.

సంగతి పైకి చిన్నది, లోతున పెద్దది. నగరపు పటము కాగితమును విడిచి యంత్రములోనికి చేరినది. 2015లో ప్రారంభమైన అమృత్ పథకము క్రింద ఐదువందల నగరములకు జి.ఐ.ఎస్. ఆధారముగా మాస్టర్ ప్లానులు తయారు చేయవలెనని కేంద్ర ప్రభుత్వము నిర్ణయించెను. 2016 జనవరిలో ప్రకటించిన మొదటి ఇరువది స్మార్ట్ సిటీలలో మన నగరమును చేరెను. 2022 డిసెంబరులో జాతీయ జియోస్పేషియల్ విధానము వెలువడెను. 2025 ఫిబ్రవరిలో పట్టణ భూములను ఆకాశము నుండి కొలుచు 'నక్షా' కార్యక్రమము దేశమున నూట ఏబదికి పైగా పట్టణములలో ఆరంభమయ్యెను. పన్ను వేయుటకును, నీటి గొట్టము దించుటకును, రోడ్డు వెడల్పు చేయుటకును, నష్టపరిహారము లెక్కకట్టుటకును అధికారులు చూడబోవునది ఇట్టి పటమునే. పటములో లేనిది ఆఫీసులోను లేనట్లే యగును. కనుక ఆ పటము మనలను ఏ విధముగా భద్రపరచుకొనునో మనము తెలిసికొనవలెను. తెలియనివారు అడుగజాలరు.

జి.ఐ.ఎస్. అనగా భౌగోళిక సమాచార వ్యవస్థ. భూమి మీది వస్తువులను, వాటి స్థానములతో సహా, యంత్రములో దాచుకొను పద్ధతి అది. దాచుటకు ముఖ్యమైన మార్గములు రెండు కలవు. వీనిలో మొదటిది మన నేతవారికి తాతల నాటి నుండి తెలిసినదే.

జకార్డు మీద చద్దరు నేయుటకు ముందు డిజైను గీయువాడు ఏమి చేయును? గ్రాఫు కాగితము మీద పువ్వును గీసి, ఒక్కొక్క గడిలో రంగు నింపును. అడ్డుగా చూచిన గడులు పడుగు పోగులు, నిలువుగా చూచిన వరుసలు పేక పోట్లు. ఒక్కొక్క వరుసకు ఒక్కొక్క కార్డు కొట్టుదురు. రంధ్రమున్నచోట పోగు లేచును, లేనిచోట లేవదు. ఫ్రాన్సు దేశపు లియాన్ నగరమున జోసెఫ్ మేరీ జకార్డు 1804 ప్రాంతమున రూపొందించిన ఈ యుక్తి మీదనే, 2005-06లో భౌగోళిక గుర్తింపు పొందిన మన షోలాపురపు చద్దరు నిలిచియున్నది. జి.ఐ.ఎస్.లో దీనినే రాస్టర్ అందురు. భూమినంతటిని సమానమైన గడులుగా కోసి, ఒక్కొక్క గడికి ఒక్కొక్క అంకె వ్రాయుదురు. డిజైను చదువువాడు "ఎనిమిది ఎరుపు, మూడు తెలుపు, పన్నెండు ఎరుపు" అని కలిపి చెప్పినట్లే యంత్రమును ఒకే తీరు గడులను కలిపి లెక్కించి చోటు పొదుపు చేసికొనును.

ఈ పద్ధతికి గుణమున్నది, లోపమును ఉన్నది. వానను, ఎండను, చెరువు విస్తీర్ణమును, పచ్చదనమును చూచుటకు ఇది మేలైనది. కాని గడి యెంతయో చూపు అంతయే. యూరపువారి సెంటినెల్-2 ఉపగ్రహము తీయు చిత్రములో అతి సన్నని గడి పది మీటర్లది. మన పాత పేటలలో అంత చోటున రెండు మూడు కాపురములును, కొన్ని మగ్గములును ఇముడును. అన్నియు కలిసి ఒక్క అంకె యగును. మన దేశము 2019 నవంబరులో పంపిన కార్టోశాట్-3 గడి ముప్పది సెంటీమీటర్లకు లోపే. గడి పొడవును సగము చేసినచో గడుల సంఖ్య నాలుగు రెట్లగును గనుక అంత సన్నముగా దాచుట వ్యయముతో కూడిన పని. ఎంత సన్నముగా చూచినను ఆకాశము నుండి కనబడునది పైకప్పు రేకు మాత్రమే. రేకు క్రింద మగ్గమున్నదో, మంచమున్నదో ఉపగ్రహము చెప్పజాలదు.

రెండవ మార్గమును వెక్టర్ అందురు. ఇందులో గడులుండవు. గుడి యొక బిందువు, గల్లీ యొక గీత, ఇంటి స్థలము నాలుగు మూలలు కలిపిన చుట్టుగీత. ఒక్కొక్క మూలకు అక్షాంశ రేఖాంశములను వ్రాయుదురు. మన నగరము ఇంచుమించు 17.67 ఉత్తర అక్షాంశమున, 75.91 తూర్పు రేఖాంశమున ఉన్నది. ఇక్కడ ఒక జాగ్రత్త అవసరము. మన దేశపు పాత సర్వే పటములు ఎవరెస్టు పేరిట పిలువబడు భూగోళపు కొలత మీద గీయబడినవి. నేటి జి.పి.ఎస్. యంత్రములు డబ్ల్యు.జి.ఎస్. 84 అను వేరొక కొలతను అనుసరించును. ఒకదాని నుండి మరొకదానికి మార్చకుండ పటము మీద పటము పరచినచో ఒక గల్లీ మరొక గల్లీ మీద పడును. అట్లు పడిన గీతను చూచి ఇల్లు రోడ్డులోనికి వచ్చినదని ఎవరైన చెప్పినచో, ఏ కొలత మీద గీసితిరని అడుగు హక్కు ఇంటివానికి కలదు.

గోడల సంగతి మరియొకటి. మన వాడలలో గోడకు గోడ ఆనుకొని యుండును. ప్రతి యింటి చుట్టుగీతను విడివిడిగా దాచినయెడల ఉమ్మడి గోడ రెండుమార్లు లిఖింపబడును. రెండు గీతలకును జానెడు తేడా వచ్చెనా, నడుమ ఎవరికిని చెందని చీలిక యేర్పడును. లేదా ఒకరి స్థలము మీదికి మరొకరిది ఎక్కును. వ్యాజ్యమునకు అంతకంటె కారణము కావలయునా? దీనికి తగిన ఉపాయమును పెద్దలు ఎన్నడో కనిపెట్టిరి. 1960లలో కెనడా దేశమున రోజర్ టామ్లిన్‌సన్ మొదటి భౌగోళిక సమాచార వ్యవస్థను నిర్మించినప్పుడును, ఆ దశకము చివర అమెరికా జనగణన శాఖవారు వీధుల పటమును యంత్రమున కెక్కించినప్పుడును, గీతను ఒక్కసారియే దాచి "దీనికి ఎడమ ప్రక్క ఫలానాది, కుడి ప్రక్క ఫలానాది" అని వ్రాసిపెట్టిరి. గోడ ఒకటియే, ఇరుగుపొరుగులు ఇరువురు. మన పేటలకు ఇదియే తగిన పద్ధతి. పటమును తయారు చేయువారు ఏ పద్ధతిని అనుసరించుచున్నారో మన ప్రతినిధులు అడిగి తెలిసికొనవలెను.

ఇంతవరకు చెప్పినది ఆకారమును గూర్చి. ఆకారమునకు అర్థమిచ్చునది దానికి జతపరచిన పట్టిక. ఒక్కొక్క యింటికి ఒక సంఖ్య, ఆ సంఖ్యకు పట్టికలో ఒక వరుస. వరుసలో యజమాని పేరు, విస్తీర్ణము, అంతస్తులు, ఉపయోగము మొదలగు గడులు. ఈ 'ఉపయోగము' అను గడిలో నివాసము, వ్యాపారము, పరిశ్రమ యను మాటలలో ఏదైన ఒకటి మాత్రమే పట్టును. మన కష్టమంతయు ఇక్కడనే మొదలగును.

మన పూర్వులు పందొమ్మిదవ శతాబ్దము నుండి కరీంనగరము, వరంగల్లు, నల్లగొండ, పాలమూరు సీమలను విడిచి ఈ నగరమునకు వచ్చిరి. వచ్చినవారు ఇల్లు వేరు, పని వేరు అని ఎరుగరు. మగ్గమున్న చోటనే వంట, మగ్గము ప్రక్కనే పురుడు, మగ్గము క్రిందనే నిద్ర. చేతిమగ్గము పోయి మరమగ్గము వచ్చినను, సాఖర్ పేట, భవానీ పేట, దాజీ పేట గల్లీలలో ఆ యేర్పాటు పూర్తిగా మారలేదు. మగవారు మగ్గము మీద, ఆడవారు కండెల దగ్గరనో బీడీల దగ్గరనో, మేడ మీద అద్దె కాపురము. ఇది నివాసమా, పరిశ్రమయా? రెండును. అట్లు వ్రాయుటకు గడి లేనందున ఒకటి వ్రాసి రెండవదానిని కొట్టివేయుచున్నారు. ఏది కొట్టివేసినను అసత్యమే.

కుంభారి దగ్గర కట్టిన కాలనీలను చూడుడు. 2006లో బీడీ కార్మిక స్త్రీలకు ఇచ్చిన పదివేల ఇండ్ల గోదూతాయి పరుళేకర్ వసతి, 2024 జనవరి 19న పదిహేను వేల ఇండ్లు అప్పగింపబడిన రేనగర్ వసతి, ఈ రెండును సమానమైన స్థలములుగా తీర్చిన ఊళ్లు. వాటికి ఆ పట్టిక చక్కగా సరిపోవును. పాత పేట అట్లు పుట్టలేదు. పట్టికకు సరిపడలేదని పేటను తప్పు పట్టుట, కాలికి సరిపడని చెప్పును చూచి కాలిని కోసికొనుట వంటిది.

దీనికి పరిష్కారము కష్టమైనదని ఎవరైన చెప్పినచో నమ్మవలదు. పట్టికల శాస్త్రమునకు పునాది వేసిన ఇ. ఎఫ్. కాడ్ 1970లోనే ఈ చిక్కును విప్పెను. ఒక గడిలో ఒకే మాట యుండవలెను. ఒక వస్తువునకు పలు సంగతులున్నచో వాటికి వేరుగా రెండవ పట్టిక పెట్టవలెను. ఇంటి సంఖ్య మొదటి పట్టికలో ఒకమారు వచ్చును. రెండవ పట్టికలో అదే సంఖ్య క్రింద ఎన్ని వరుసలైన వ్రాయవచ్చును: క్రింది గది, మరమగ్గములు నాలుగు, వెనుక గది, నివాసము, వసారా, బీడీ పని, మేడ, అద్దె కాపురము. ఇంటి చుట్టుగీత మారదు, పటము చెడదు. ఆ యువకుడు గుమ్మములో మరి రెండు ప్రశ్నలడిగిన చాలును.

ఇంత పట్టుదల యెందుకని అడుగువారికి ఒక్క దినమును జ్ఞాపకము చేయుదుము. 2025 మే 18 తెల్లవారుజామున అక్కలకోట రోడ్డు ఎం.ఐ.డి.సి.లోని ఒక తువ్వాళ్ల కార్ఖానాలో నిప్పంటుకొని ఎనిమిదిమంది ప్రాణములు కోల్పోయిరి. కార్ఖానా ఉన్న చోటనే కాపురమున్నది. యజమాని కుటుంబమువారును, పనివారును ఆ మంటలలో చిక్కుకొనిరి. ఆ దుర్ఘటనకు పటమే కారణమని మేము అనుట లేదు. కాని ఆ ఉదయము నుండి మమ్ము వెంటాడుచున్న ప్రశ్న ఒకటి కలదు. నిప్పునార్పుటకు పోవు బండి, తాను పోవుచున్న చోట నూలు నిలువ యున్నదనియు, పైన మనుషులు నిద్రించుచున్నారనియు ముందుగా తెలిసికొనగలదా? 'పరిశ్రమ' అని ఒక్క మాట వ్రాసిన పటము ఆ సంగతి చెప్పదు. 'నివాసము' అని వ్రాసిన పటము నూలు సంగతి చెప్పదు. మన పేటలలో ఇటువంటి కప్పులు ఎన్ని యున్నవో ప్రతి పాఠకునికి తెలియును.

గడి లేకపోవుటవలన ఏమగునో మన పూర్వుల సీమయే మనకు నేర్పినది. తెలంగాణమున 2020 అక్టోబరు 29న ధరణి యను భూమి రికార్డుల వ్యవస్థ ఆరంభమయ్యెను. పూర్వపు పహాణీలో పట్టాదారు పేరుతో పాటు అనుభవదారు పేరు వ్రాయుటకు గడి యుండెడిది. ధరణిలో అది లేకపోయెను. ఏండ్ల తరబడి దున్నుచున్నవాడు పొలములో కనబడుచునే యుండెను, రికార్డులో మాయమయ్యెను. ఊరూర మొర వినబడెను. తుదకు 2025లో ధరణి స్థానమున భూభారతిని తెచ్చిరి. ఒక గడిని తీసివేయుట ఒక్క పూట పని. తీసివేసినందున చెడినదానిని సరిచేయుటకు ఏండ్లు పట్టును. అందుచేతనే పట్టిక గట్టిపడకముందే మాటాడుడని మేము హెచ్చరించుచున్నాము.

ఇక పేర్ల మాట. మన వాడలలో ప్రతి గల్లీకిని రెండు పేర్లుండును: నోటి పేరు ఒకటి, కాగితము పేరు ఒకటి. అమ్మమ్మలు పిలుచు పేరు తెలుగు. పలక మీద వ్రాసిన పేరు మరాఠీ. పటములో రెండవది మాత్రమే చేరినచో ఒక తరము గడుచునప్పటికి మొదటిది ఎవరికిని గుర్తుండదు. తెలుగు లిపి యంత్రమున పట్టదను సాకు చెల్లదు. నేటి యంత్రములు వాడు యూనికోడులో సాధారణముగా తెలుగు సంకేతము ఒక్కొక్కటి మూడు బైట్లు తీసికొనును. 'పద్మశాలి' యను మాటకు ఇరువది నాలుగు బైట్లు పట్టును. మరాఠీ వ్రాయు దేవనాగరి సంకేతమునకును అవే మూడు బైట్లు. ఒకదానికి చోటున్న పెట్టెలో రెండవదానికిని చోటుండును. 2004లో మొదలైన ఓపెన్ స్ట్రీట్ మ్యాప్ అను సార్వజనిక పటములో ఒకే వీధికి మరాఠీ పేరు, తెలుగు పేరు, పాత పేరు వేరువేరుగా వ్రాయుటకు వీలున్నది. మరాఠీ మన కన్నము పెట్టుచున్న రాష్ట్రపు భాష. దానిని తొలగింపుమని మన మెన్నడును అడుగలేదు, అడుగబోము. దాని ప్రక్కన మన పేరునకును ఒక గడి కావలెనని మాత్రమే మా కోరిక.

మనలోనే కొందరు పెద్దలు వేరుగా తలంతురు. "పటములో పడకుండుటయే మేలు, మగ్గములున్నవని చెప్పినచో పన్ను పెరుగును, నోటీసు వచ్చును" అని వారి భయము. ఆ భయమును మేము తేలికగా కొట్టివేయజాలము. ఇంతకుముందు దెబ్బ తిన్నవారే ఆ మాట చెప్పుచున్నారు. అయినను ఆలోచింపుడు. ఆకాశము నుండి మన కప్పులను ఇదివరకే చూచుచున్నారు. దాగుట సాధ్యము కాదు. తప్పుగా కనబడుటయా, సరిగా కనబడుటయా అన్నదే మన ముందున్న ప్రశ్న. మరమగ్గములకు విద్యుత్తు ధరలలో ప్రత్యేకమైన తరగతి కలదు. ఇల్లును మగ్గమును వేరువేరుగా లిఖింపబడిన చోట మగ్గమునకు రావలసిన తగ్గింపును, ఇంటికి రావలసిన తగ్గింపును రెండింటిని న్యాయముగా అడుగవచ్చును. ఏ గదిలో ఎవరున్నారను సంగతి ప్రపంచమంతయు చూడవలసిన పనియు లేదు. గోడలను అందరికి చూపి, మనుషుల సంగతులను సంబంధించిన శాఖకు మాత్రమే చూపు తాళములు యంత్రములో కలవు. ఆ తాళము వేయుమని మనము గట్టిగా అడుగవలెను.

కాబట్టి మా కోరికలు నాలుగు. ఒకటి: నివాసము, పని కలిసియున్న ఇండ్లకు ఉపయోగముల పట్టికను వేరుగా ఏర్పరచవలెను. రెండు: ప్రతి వీధికిని, వాడకును తెలుగు పేరు వ్రాయు గడి యుండవలెను. మూడు: ప్రతి సంగతికిని అది యెప్పుడు, ఎట్లు తెలిసికొనబడెనో తేదీ వ్రాయవలెను, మార్చినప్పుడు పాతదానిని తుడిచివేయక నిలుపవలెను. 1877లో నడక మొదలుపెట్టి 1960లలో మూతపడిన పాత మిల్లు నేటికిని మన నోట 'జూని మిల్లు'గా బ్రతికియున్నది. తేదీ లేని పటములో అట్టిదానికి చోటు దొరకదు. నాలుగు: పటమును ఖాయపరచుటకు ముందు వార్డు వార్డునను కాగితము మీద అంటించి, ఆక్షేపణలకు తగిన గడువు ఇచ్చి, ఆ నోటీసును తెలుగునను ప్రకటింపవలెను. పురపాలక ప్రాంతమున అల్పసంఖ్యాక భాషవారు 15 శాతమునకు తగ్గకుండ ఉన్నచోట ముఖ్యమైన నోటీసులను వారి భాషలోను ప్రకటించుట, భాషాల్పసంఖ్యాకుల రక్షణకై ముఖ్యమంత్రులు 1961లో అంగీకరించిన ఏర్పాటులలో చేరినదే. క్రొత్త హక్కును మనము కోరుట లేదు.

ప్రభుత్వమును అడిగి ఊరకుండుటయు మర్యాద కాదు. మన యువకుల చేతిలో ఫోనులున్నవి, అందులో జి.పి.ఎస్. ఉన్నది. ఆదివారము పూట రెండు గంటలు ఒక్కొక్క గల్లీని నడిచి, పెద్దలను అడిగి, పేర్లను వ్రాసికొనవచ్చును. మగ్గమున్న ఇండ్లను లెక్కించవచ్చును. అగ్నిమాపక బండి దూరలేని సందులను గుర్తింపవచ్చును. బావి ఎక్కడ ఉండెనో, తొలి మగ్గము ఎవరి వాకిట దిగెనో చెప్పగలవారు ఇంకను మన నడుమ కలరు. వారిని అడుగుటకు కాలము తక్కువగా ఉన్నది. ఆ వ్రాతను చేతబట్టి పోయినప్పుడు మన మొర వట్టి మాటగా నిలువదు.

వచ్చే పర్యాయము ఆ యువకుడు గుమ్మమున నిలిచి "ఇల్లా, కార్ఖానాయా?" అని అడిగినప్పుడు పన్నును తలచియో, బిల్లును తలచియో సగము జవాబు చెప్పవలదు. కూర్చుండబెట్టి, మంచినీళ్లిచ్చి, ఇల్లంతయు చూపుడు. "రెండును వ్రాయుము నాయనా" అని చెప్పుడు. వ్రాయుటకు గడి లేదని అతడనినచో, ఆ మాట మాకు తెలియజేయుడు. గడి లేని ఇండ్ల జాబితాను ఈ పత్రికలోనే సంఖ్యలుగా, పేర్లు లేకుండ ప్రకటింతుము. ఆ జాబితాయే మన మహజరు.